పాత క్రేప్ తానును కోసి వియోనే గౌను మళ్లీ కుట్టవచ్చా?

పడుగుపేక:
ఫ్యాషన్ డిజైనర్ మాడలీన్ వియోనే పారిస్‌లోని తన సంస్థను 1939లో మూసేశారు. ఆమె క్రాస్ కటింగ్ (గుడ్డను పడుగుకు 45 డిగ్రీల ఏటవాలుగా కోసే) గౌన్లను మళ్లీ కుట్టేవాళ్లలో కొందరు 1930ల నాటి క్రేప్ (పురి పోగులతో నేసిన ముడతల గుడ్డ) తాను వెతికి దాన్నే కోస్తున్నారు. నేను దీనికి వ్యతిరేకం. ఆ కాలంలో పట్టుకు బరువు పెంచడానికి తగరం లవణాలు పట్టించేవారు. అలాంటి పట్టు పైకి బాగానే కనిపిస్తుంది, మడత ఉన్నచోట మాత్రం గీసినట్టు చీలుతుంది. లాగుడు ఎక్కువుండే చంక దగ్గర అసలు నిలవదు. తాను చెడకుండా కొలతలు తీసుకుని, కంప్యూటర్‌లో త్రీడీ నమూనాగా కట్టి, కొత్త గుడ్డతో కుట్టడమే సరైన దారి.

కత్తెరపిడి:
చీలే పట్టు సంగతి నిజమే. కానీ సాఫ్ట్‌వేర్‌లో ముందే ఉన్న ‘సిల్క్ క్రేప్’ ఎంచుకుంటే తెర మీద వేలాడేది ఆమె గౌను కాదు. క్రేప్ డి షీన్ అనే పల్చటి పట్టు క్రేప్‌లో బాగా పురి పెట్టిన పేక పోగుల్ని, కుడి పురివి రెండు, ఎడమ పురివి రెండు చొప్పున మార్చి నేస్తారు. ఆ జారుడు అక్కడినుంచే వస్తుంది. పైగా ఆమె మామూలుకంటే ఎక్కువ పన్నా (వెడల్పు) గుడ్డ ప్రత్యేకంగా నేయించుకున్నారు. 110 సెంటీమీటర్ల పన్నాలో అదే ముక్క పట్టదు, అతుకు వేయాలి. అతుకు పడ్డచోట క్రాస్ సాగదు. పాత గుడ్డ మీద పట్టుదల అందుకే.

పడుగుపేక:
అందుకే ముందే ఉన్నదాన్ని వాడొద్దంటున్నాను. తాను మొత్తం తూచి విస్తీర్ణంతో భాగిస్తే జీఎస్ఎం (చదరపు మీటరుకు ఎన్ని గ్రాములో) వస్తుంది. భూతద్దంతో ఐదు చోట్ల సెంటీమీటరుకు ఎన్ని పడుగులో, ఎన్ని పేకలో లెక్కపెట్టండి. గుండ్రటి అంచు మీద వేలాడదీసి ఫొటో తీయండి. పాతదాన్ని లాగి చూడకండి. సాగుడు పరీక్ష కొత్త గుడ్డకే: పడుగు, పేక, 45 డిగ్రీలు, మూడు దిక్కుల్లో 5×20 సెంటీమీటర్ల పట్టీలు కోసి, ఒకే బరువు కట్టి కొలిచి ఆ అంకెలే సాఫ్ట్‌వేర్‌కు ఇవ్వండి.

సూదిమొన:
ఆ అంకెలిచ్చినా ఒకటి తప్పుతుంది. క్రాస్ గౌను వేలాడేకొద్దీ దిగుతుంది, అదీ సమంగా కాదు: పడుగు, పేకల పురి వేరు కాబట్టి ఒక పక్క ఎక్కువ, ఒక పక్క తక్కువ. తెర మీద ఇది కనబడదు. 48 గంటలు వేలాడదీశాకే హెమ్మింగ్ గీత గీయండి.

త్రీడీకీ అసలు కోతకీ మధ్య సగం కొలత దర్జీ బొమ్మ మీద గుడ్డను ఒకసారి కట్టి చూడండి. వియోనే కూడా చిన్న చెక్క బొమ్మ మీదే గుడ్డ తిప్పి చూసేవారు. సగం కొలతలో గుడ్డ బిరుసుగా తోస్తుంది, కాబట్టి ఇంకా పల్చనిది తీసుకోండి.

పాత గౌను మీద ప్రింటుంటే రంగు పైవైపు చూసి పట్టకండి, వెలిసిపోయి ఉంటుంది. కుట్టు లోపలి మడతలో అసలు రంగు దొరుకుతుంది. పట్టు మీద యాసిడ్ రంగులతో డిజిటల్ ప్రింట్ చేశాక ఆవిరి పట్టి ఉతకాలి, అప్పుడు గుడ్డ కుదించుకుంటుంది. ముందే 50 సెంటీమీటర్ల చతురస్రం గుర్తుపెట్టి అదే ఆవిరి, అదే ఉతుకు పెట్టి చూడండి. 48.5కు తగ్గితే డిజైన్ ఫైలును 103.1 శాతానికి పెంచాలి.

కత్తెరపిడి:
ఒప్పుకుంటున్నాను, ఒక్క మినహాయింపుతో: ఇప్పటికే చిరిగి ముక్కలైన పాత గుడ్డను పరీక్షలకు వాడనివ్వండి.

పడుగుపేక:
వాడండి, ముందు ఫొటో తీసి. ఇంకో సంగతి, లేబుల్. నకళ్లను ఆపడానికి ఆమె ప్రతి గౌనునూ ముందు, పక్క, వెనక ఫొటో తీయించి ఆల్బంలో పెట్టించారు. లేబుల్ మీద తన బొటనవేలి ముద్ర వేశారు. మనం కుట్టినదాని మీద ‘పునర్నిర్మాణం, కొత్త గుడ్డ’ అని, కుట్టిన సంవత్సరంతో సహా రాసిన లేబుల్, కుట్టు విప్పితే తప్ప ఊడిరానివిధంగా ఉండాలి.