ప్రతివాది మరణం వాదికి తెలియనప్పుడు 90 రోజుల గడువు ఎప్పటి నుంచి నడవాలి?

చర్చ ప్రారంభించిన సభ్యుడు (వాది):
స్థలం స్వాధీనం కోసం నేను వేసిన దావాలో ఏకైక ప్రతివాది చనిపోయిన ఏడు నెలలకు గాని ఆ సంగతి నాకు తెలియలేదు. ఆ ఏడు నెలలూ ఆయన తరపు న్యాయవాది వాయిదాలు తీసుకుంటూనే ఉన్నారు. ఇప్పుడు వారసులు వచ్చి దావా ఎప్పుడో అబేట్ అయిందంటున్నారు, అంటే దానంతటదే ముగిసిపోయిందట. 1963 కాలపరిమితి చట్టం 120వ అధికరణం ప్రకారం ఎల్.ఆర్.లను (చనిపోయిన వ్యక్తి చట్టబద్ధ ప్రతినిధులను) రికార్డులోకి తెచ్చే గడువు మరణించిన తేదీ నుంచి 90 రోజులు. అది దాటితే కోర్టు ఉత్తర్వు అవసరం లేకుండానే దావా అబేట్ అవుతుంది. నాకు తెలియని మరణానికి నా మీద గడువు నడవడం అన్యాయం. తెలిసిన తేదీ నుంచే లెక్కించేలా చట్టాన్ని మార్చాలి.

సివిల్ న్యాయవాది:
ముందుగా ఒక మాట: మీ దావా పూర్తిగా పోలేదు. అబేట్‌మెంట్‌ను రద్దు చేయించుకోవడానికి 121వ అధికరణం మరో 60 రోజులు ఇస్తుంది. అంటే మరణం నుంచి 150 రోజుల వరకు జాప్యానికి క్షమాపణ కోరే పనే లేదు. మీరు దాన్ని దాటారు కనుక అదే చట్టం సెక్షన్ 5 కింద జాప్యం మన్నించమని ఒకటి, అబేట్‌మెంట్ రద్దు చేయమని ఒకటి, ఎల్.ఆర్.లను చేర్చమని ఒకటి, మొత్తం మూడు ఐ.ఏ.లు (మధ్యంతర దరఖాస్తులు) వేయండి. సివిల్ ప్రక్రియా స్మృతి (సీపీసీ) ఆర్డర్ 22, రూల్ 4(5) ప్రకారం, మరణం తెలియకపోవడం రుజువైతే కోర్టు దాన్ని తగిన విధంగా పరిగణించి తీరాలి.

మీ ప్రతిపాదనతో మాత్రం నేను ఏకీభవించను. మరణ తేదీకి ధ్రువపత్రం ఉంటుంది, తెలిసిన తేదీకి అఫిడవిట్ తప్ప మరో ఆధారం ఉండదు. గడువు దాని మీద ఆధారపడితే ప్రతి దావాలోనూ ‘నీకు ఎప్పుడు తెలిసింది’ అన్న ఉపవిచారణ మొదలై, అసలు వివాదం ఏళ్ల తరబడి పక్కన పడి ఉంటుంది.

విశ్రాంత న్యాయాధికారి:
ఇద్దరి మాటల్లోనూ నిజముంది కాని, చర్చంతా వాది చుట్టూనే తిరుగుతోంది. 1976 సవరణ ద్వారా అదే ఆర్డర్ 22లోకి వచ్చిన రూల్ 10-ఏ ప్రకారం, తన కక్షిదారు మరణించిన సంగతి తెలిసిన న్యాయవాది దాన్ని కోర్టుకు తెలియజేయాలి, కోర్టు రెండో పక్షానికి నోటీసు ఇవ్వాలి. కక్షిదారు పోయాక వకాల్తా ముగిసిందని తప్పించుకోవడానికి కూడా వీల్లేదు, ఎందుకంటే ఈ పని మేరకు ఆ ఒప్పందం కొనసాగుతున్నట్టే భావించాలని అదే రూలు చెబుతోంది. అయినా పాటించకపోతే ఏమవుతుందో ఆ రూలులో లేదు. లోపం అక్కడే ఉంది. మౌనంగా ఉన్న పక్షానికి లాభం, ఏమీ తెలియని పక్షానికి నష్టం కలిగించే ఏర్పాటును నేను సమర్థించలేను. పెరుమోన్ భగవతి దేవస్వం కేసులో 2008లో సుప్రీంకోర్టు ఇలాంటి దరఖాస్తులను ఉదారంగా చూడాలని చెప్పింది. కాని ఉదారత ఒక్కో న్యాయమూర్తి వద్ద ఒక్కో తీరుగా ఉంటుంది, కక్షిదారుకు కావలసింది హక్కు.

అందుచేత నా ప్రతిపాదన ఇది: మరణించిన వ్యక్తి తరపున న్యాయవాది హాజరవుతున్న దావాల్లో గడువు 10-ఏ నోటీసు అందిన తేదీ నుంచి నడవాలి, మిగతా దావాల్లో ఇప్పటిలాగే మరణ తేదీ నుంచి. నోటీసు తేదీ కోర్టు రికార్డులోనే ఉంటుంది కాబట్టి న్యాయవాది గారు భయపడే ఉపవిచారణకు తావుండదు.

సివిల్ న్యాయవాది:
వారసులు న్యాయవాదికే చెప్పకపోతే? ఏళ్లుగా పెండింగ్‌లో ఉన్న అప్పీళ్లలో కక్షిదారు బతికి ఉన్నాడో లేదో మాకే తెలియదు. అప్పుడు నోటీసు రాదు, గడువు మొదలవదు, దావా మాత్రం చనిపోయిన మనిషి పేరు మీదే నడుస్తూ ఉంటుంది. అలా డిక్రీ వస్తే అది చెల్లదు. దానికన్నా 150 రోజుల తర్వాత సెక్షన్ 5ను ఆశ్రయించడమే వాదికి మేలు.

మరో సభ్యురాలు:
ఒక చిన్న విషయం. చనిపోయిన ప్రతివాది వారసుల్లో ఒకరైనా వేరే హోదాలో అప్పటికే పార్టీగా ఉంటే దావా అబేట్ కాదని మహాబీర్ ప్రసాద్ కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. ఆ సంగతి కోర్టు దృష్టికి తెస్తే చాలు. రాతపూర్వక జవాబు దాఖలు చేయని ప్రతివాది విషయంలోనైతే, ఎల్.ఆర్.లను చేర్చే పని లేకుండా తీర్పుకు ముందే రూల్ 4(4) కింద మినహాయింపు అడగవచ్చు.

విశ్రాంత న్యాయాధికారి:
న్యాయవాదికి నిజంగా తెలియని సందర్భం గురించిన అభ్యంతరం బలమైనదే. అలాంటి చోట తెలియజేసే బాధ్యతను వారసుల మీదే పెట్టి, చెప్పని వారసులు అబేట్‌మెంట్‌ను వాదనగా ఎత్తుకునే అవకాశం లేకుండా చేయాలి. ఆస్తి చేతికి వచ్చినవారికి ఆ ఆస్తి మీదున్న దావా సంగతి చెప్పే బాధ్యత కూడా ఉండాలి.

చర్చ ప్రారంభించిన సభ్యుడు (వాది):
నా దావాలో ప్రతివాది ఒక్కరే, జవాబు కూడా దాఖలు చేశారు, కాబట్టి ఆ రెండు మార్గాలూ నాకు లేవు. తెలిసిన తేదీ నుంచి లెక్కించాలన్న నా మొదటి మాటను వెనక్కి తీసుకుంటున్నాను, నోటీసు తేదీయే సరైనది. మూడు ఐ.ఏ.లూ ఈ వారమే వేస్తాను. మరణం తర్వాత ప్రతివాది పక్షం వాయిదా కోరిన ప్రతి తేదీ డాకెట్‌లో (కోర్టు రోజువారీ నమోదులో) ఉంది, ఆ డాకెట్ నకలునే నా అఫిడవిట్‌కు జతచేస్తున్నాను.