నదిలో లేని చేప మన తొట్టెలో ఉంటే, అది బతికి ఉన్నట్టేనా?

గాజుతొట్టె:
మొన్న ఇంకో చర్చలో ఒకాయన "చేప అక్వేరియంలో పిల్లలు పెడుతోంది కదా, నదిలో లేకపోతే ఏంటి" అన్నారు. అప్పట్నుంచీ అదే మాట తిరుగుతోంది. టెకీలా చేప సంగతి చూడండి. మెక్సికోలో హలీస్కో రాష్ట్రంలో తెయుచిత్లాన్ అనే చిన్న నది ఉంది, ప్రపంచం మొత్తంలో ఈ చేప పుట్టిల్లు అదొక్కటే. వేలెడంత ఉంటుంది, మగదాని తోకకి నారింజ రంగు నెలవంక, గుడ్లు పెట్టదు, పిల్లల్నే కంటుంది. 1998లో దానికి శాస్త్రీయ నామం పెట్టారు, 2003కల్లా నదిలో ఒక్కటీ లేదు. కాలుష్యం, బయట నుంచి వచ్చి చేరిన చేపలు, రెండూ కలిసి తుడిచిపెట్టేశాయి. మిగిలింది సరదాగా పెంచుకునేవాళ్ళ తొట్టెల్లో, జూల్లాంటి చోట్లే. నా దృష్టిలో అది గాదెలో దాచిన విత్తనం, దాన్ని పంట అనలేం. వీలైతే నదికి తిరిగి పంపాల్సిందే.

గోదారిగట్టు:
వినడానికి బాగుంది కానీ ఒప్పుకోలేను. ఏ నీళ్ళు చంపాయో ఆ నీళ్ళలోనే మళ్ళీ వదులుతారా? తరతరాలుగా వేళకి మేత తిన్న చేపకి కొంగ అంటే ఏంటో కూడా తెలీదు. ఆ డబ్బుతో ఇంకా బతికున్న చేపల్ని కాపాడొచ్చు.

గాజుతొట్టె:
కొంగ భయం ఆ చేపని నదికి తిరిగి పంపినవాళ్ళకీ ఉంది గోదారిగట్టు గారూ, అందుకే తొట్టెలోంచి తీసుకెళ్ళి నదిలో కుమ్మరించలేదు. 1998లో ఇంగ్లండ్ నుంచి ఐదు జతలు మెక్సికోలోని మిచోవాకాన్ విశ్వవిద్యాలయానికి చేరాయి, ఇంగ్లండ్‌లోని చెస్టర్ జూ తోడు నిలిచింది. అక్కడ పెంచిన వాటిలోంచి 40 మగ, 40 ఆడ చేపల్ని చెరువుల్లో వేశారు. అక్కడ చేపల్ని పట్టే పరాన్నజీవులూ ఉన్నాయి, వేటాడేవీ ఉన్నాయి, మేత ఒకరోజు దొరుకుతుంది ఒకరోజు దొరకదు. నాలుగేళ్ళలో పదివేల దాకా అయ్యాయట! వాటిలోంచి 1,500 ఏరి 2017లో నదిలో వదిలారు. ఈలోపు ఊరివాళ్ళతో, బడిపిల్లలతో కలిసి నీటి నాణ్యత చూసుకోవడం, బయటి చేపల బెడద తగ్గించడం నడుస్తూనే ఉంది. ఇప్పుడవి అక్కడ వాటంతటవే పిల్లలు పెడుతున్నాయి. 2022లో అదే నదిలోకి గోల్డెన్ స్కిఫియా అనే ఇంకో చేపను కూడా తెచ్చి వదిలారు. ఆ డబ్బు ఒక్క చేప మీద పెట్టిందని నేననుకోను, నది మీద పెట్టారు.

పెన్నా_ఒడ్డు:
మరి నదే లేకపోతే? మెక్సికోలోనే న్యూవో లియోన్ రాష్ట్రంలో ఎల్ పొటోసి అనే ఊట ఉండేది. వ్యవసాయానికి భూగర్భ జలాలు తోడేస్తే ఎండిపోయింది. అక్కడి పొటోసి పప్ ఫిష్ అనే చిన్న చేప ఇప్పుడు తొట్టెల్లోనే. దాన్ని ఎక్కడికి పంపుతారు?

గాజుతొట్టె:
దీనికి నా దగ్గర జవాబు లేదండీ, బాధగానే ఉంది. ఊట తిరిగొచ్చేదాకా పెంచుతూనే ఉండాలి, వేరే రకంతో కలవనివ్వకూడదు, ఏ వంశం ఎక్కణ్ణుంచి వచ్చిందో రాసిపెట్టుకోవాలి. అంతకుమించి తోచడం లేదు.

కొత్తగా_వచ్చా:
నా దగ్గర గప్పీలు వందకి పైనే అయిపోయాయి అన్నా. మా ఊరి చెరువులో వదిలేస్తే స్వేచ్ఛగా బతుకుతాయి కదా, దోమలు కూడా తగ్గుతాయి?

గాజుతొట్టె:
వద్దు తమ్ముడూ, దయచేసి ఆ పని చేయకు. తెయుచిత్లాన్‌లో కొంపముంచిన వాటిలో బయటి చేపలూ ఉన్నాయని పైన రాశాను కదా. మన దగ్గర దోమల కోసం గంబూసియా చేపల్ని చెరువుల్లో వదులుతూనే ఉన్నారు, అవి దోమపిల్లలతో ఆగవు, వేరే చేపల గుడ్లూ పిల్లలూ తింటాయి. మా చిన్నప్పుడు కాలవలో గుడ్డ పరిస్తే బేడిసలు, పరిగెలు పడేవి, మా అబ్బాయికి చూపిద్దామని పోయినేడు వెళ్తే గంట నిలబడినా ఒక్కటి దొరకలేదు. నీ గప్పీల్ని కొన్న షాపులోనే తిరిగి తీసుకుంటారేమో అడుగు. లేదంటే మగవీ ఆడవీ వేరు చేసి రెండు తొట్టెల్లో పెట్టు, ఇప్పటికే కడుపుతో ఉన్న ఆడవి ఇంకొన్నిసార్లు పెడతాయి, తర్వాత ఆగిపోతుంది. ఇక్కడ హైదరాబాద్ వాళ్ళెవరైనా పాతిక తీసుకుంటారా? నేను ఇరవై తీసుకుంటాను.