అప్‌డేట్: ఆట లోడ్ అయింది

ఎమ్యులేటర్‌లో (గేమ్ కన్సోల్ ఆటలను కంప్యూటర్‌లో ఆడించే ప్రోగ్రామ్) మొదటి తరం ప్లేస్టేషన్ ఆట ఒకటి ఎంత ప్రయత్నించినా తెరుచుకోవడం లేదని మొన్న అడిగాను. కన్సోల్‌ను మొదలుపెట్టే ప్రోగ్రామ్ ఉండే బయోస్ ఫైలును అనుమానించాను కానీ అది సరిగానే ఉంది. తప్పు నేను చేసిన పేరు మార్పులో ఉంది. నా డిస్కు నుంచి తీసిన కాపీలో బిన్, క్యూ అని రెండు ఫైళ్లున్నాయి. ఆట డేటా అంతా బిన్‌లోనే. క్యూ మాత్రం ఏ ట్రాక్ ఎక్కడ మొదలవుతుందో, ఏ బిన్ ఫైలును చదవాలో పేరుతో సహా చెప్పే చిన్న టెక్స్ట్ ఫైలు. నేను బిన్ పేరు మార్చి, క్యూలో పాత పేరే వదిలేశాను! నోట్‌ప్యాడ్‌లో ఆ ఒక్క పేరు సరిదిద్ది, క్యూను ఎంచుకుని లోడ్ చేయగానే ఆట మొదలైంది, నేపథ్య సంగీతంతో సహా. ఎంత సంతోషం వేసిందో చెప్పలేను. క్యూను తెరిచి చూడమన్నవారికి మనసారా కృతజ్ఞతలు.