నటాల్ ఓడల లిస్టుల్లో మా ఊరిని వెతకడం ఎలా?

మాది కందుకూరు దగ్గర పల్లె. మా తాతగారి పెదనాన్న చెరకు తోటల్లో పనికి ఒప్పందం మీద మద్రాసులో ఓడెక్కి, దక్షిణాఫ్రికాలోని నటాల్ వెళ్లారట. మళ్లీ ఉత్తరం ముక్క లేదు. 1860 నుంచి 1911 దాకా మన దేశం నుంచి అలా సుమారు లక్షన్నర మంది వెళ్లారు. డర్బన్‌లో ఇవాళ్టి నాయుడులు, రెడ్లు చాలామంది వాళ్ల వారసులే.

ఓడల లిస్టుల్లో పేరు, తండ్రి పేరు, వయసు, కులం, జిల్లా, ఊరు రాసేవారు. కందుకూరు అప్పట్లో నెల్లూరు జిల్లా, 1970లో ఒంగోలు జిల్లాకు, 2022లో మళ్లీ నెల్లూరుకు మారింది (ఊరు కదలకుండానే వలస!). అందుకే నెల్లూరు కిందే చూస్తున్నా. స్పెల్లింగుల దగ్గరే తల తిరుగుతోంది. ఇలా వెతికినవాళ్లెవరైనా ఉన్నారా? ఇంటిపేరు రాసేవారా, వట్టి పేరేనా? తండ్రి పేరుతో మొదలెట్టమంటారా?