అప్‌డేట్: రోమన్ నాణేల పుస్తకాల సంగతి

ఎం.ఏ. ప్రాజెక్టు కోసం రోమన్ వెండి నాణేల ఫొటోలు గుర్తుపట్టాలి, ఒక్కో రకం నాణేనికి ఒక్కో నంబరిచ్చే కేటలాగు 'రోమన్ ఇంపీరియల్ కాయినేజ్' పది సంపుటాలూ కొనాలా అని అడిగాను కదా. కొనలేదు. ధర చూసి కళ్లు తిరిగాయి.

మీలో ఒకరు చెప్పినట్టు మొదటి సంపుటం ఒక్కటే లైబ్రరీలో తీసుకున్నా. నాకు కావలసిన చక్రవర్తులు ఆగస్టస్, టైబీరియస్ ఇద్దరూ అందులోనే ఉన్నారు. సదర్లాండ్ సవరించిన 1984 కూర్పే చూడండి. 1923 నాటి పాతదాని జోలికి పోవద్దు, నంబర్లు మారిపోయాయి.

టైబీరియస్ దినారం (రోమన్ వెండి నాణెం) మీద ఒకవైపు చక్రవర్తి తల, రెండోవైపు కుర్చీలో కూర్చున్న స్త్రీ ఉంటాయి. అన్నీ ఒకేలా కనిపిస్తాయి గానీ కుర్చీ కాళ్లు సాదాగా ఉంటే ఒక నంబరు, నగిషీతో ఉంటే ఇంకో నంబరు! నాణెం అరిగిపోయి ఉంటే ఇక చూడండి నా అవస్థ. భూతద్దం పట్టుకుని కుర్చీ కాళ్లు చూస్తుంటే మా అమ్మ ఒకటే నవ్వు.

అమెరికన్ న్యూమిస్మాటిక్ సొసైటీ వాళ్ల 'ఓక్రే' (OCRE) సైటు బాగా పనికొచ్చింది. పూర్తిగా ఉచితం. అవే నంబర్లకు ఫొటోలు కూడా ఉంటాయి. పుస్తకంలో బొమ్మలు తక్కువ కాబట్టి రెండూ పక్కపక్కన పెట్టుకోవాల్సిందే.

అయితే మన దేశంలో దొరికిన కొన్ని నాణేల మీద కావాలనే పెట్టిన గాట్లుంటాయి. వాటి సంగతి ఈ కేటలాగులో ఉండదు. దానికి పౌలా టర్నర్ 1989 పుస్తకం చూస్తున్నా. పరమేశ్వరీలాల్ గుప్తా 1965లో ఆంధ్రప్రదేశ్‌లో దొరికిన రోమన్ నాణేల మీద రాసిన పుస్తకం మాత్రం ఇంకా చేతికందలేదు. ఎవరి దగ్గరైనా ఉంటే చెప్పండి, జిరాక్స్ ఖర్చు నాదే.