అడ్డాకులో ‘అడ్డ’ ఏమిటి?

విస్తరి కుట్టే అడ్డాకుకి, నేలమీద అడ్డంగా పరిచే ఆకు కాబట్టి ఆ పేరొచ్చిందా అని ఒక మిత్రుడు అడిగారు. కాదనే నా నమ్మకం.

ఆ ఒక్క మాట పట్టుకుంటే మాత్రం తేలదు. అడ్డు + ఆకు అన్నా ఉత్వసంధితో అడ్డాకే, అడ్డ + ఆకు అన్నా అత్వసంధితో అడ్డాకే. అందుకని దాని చుట్టాలను చూడాలి. ‘అడ్డు’ నుంచి వస్తే అడ్డుగోడ, అడ్డుకట్టలాగా అడ్డుతీగ అనాలి. ఈ ఆకులుండే తీగని మనం అనేది అడ్డతీగ. మరి అడ్డదారి, అడ్డబొట్టు ఉన్నాయిగా, ‘అడ్డం’ నుంచి రాకూడదా అంటారేమో. దానికి మా శ్రీకాకుళం మాటే జవాబు: అడ్డపిక్కలు. గింజని మేం పిక్క అంటాం. జీడిపిక్క, చింతపిక్క, అడ్డపిక్క. జీడి, చింత ఎలా మొక్కల పేర్లో అడ్డ కూడా అంతే. కాయలో ఉన్న గింజ దేనికి అడ్డం?

సీతంపేట కొండల్లో ఈ తీగని దగ్గరగా చూశాను. తీగ అంటే పాదులాంటిదనుకోకండి, అడుగున చెట్టు మానులా ముదిరిపోయి, పెద్ద పెద్ద చెట్లను చుట్టుకుని పైకి పాకేస్తుంది. ఆకు కొస మధ్యకు చీలి రెండు రెక్కలుగా ఉంటుంది. లేత చిగురుకి తుప్పురంగు నూగు, ముట్టుకుంటే మెత్తగా ముఖమల్‌లా తగులుతుంది. కాయలు చెక్కలా గట్టివి, ఎండితే చిట్లుతాయి. లోపలి పిక్కల్ని అక్కడి సవర గిరిజనులు కాల్చుకుని తింటారు. నారతో తాళ్ళు పేనుతారు.

ఇంకో సంగతి. అడ్డాకు, విస్తరి ఒకటే అని రాస్తున్నారు కొందరు. మా అమ్మమ్మ అలా కలిపేది కాదు. కోసి తెచ్చింది అడ్డాకు. సన్నటి వెదురు పుల్లలతో కుట్టాకే విస్తరి. మోదుగాకుతో కుట్టినా విస్తరే. వేడన్నం పడగానే అడ్డాకు నుంచి ఒక పచ్చి వాసన లేచేది, ఆ పూట పప్పన్నానికి ఇంకే నెయ్యీ అక్కర్లేదనిపించేది.

సవర భాషకి నిఘంటువు కూర్చిన గిడుగు రామమూర్తి పంతులుగారు పుట్టింది మా జిల్లాలోనే. ఈ ఆకు కోసేవాళ్ళ నోట దీని పేరేమిటో మనమూ అడగాలి కదా. గుమ్మలక్ష్మీపురం, సాలూరు వైపు సవర, కువి మాట్లాడేవాళ్ళు ఇక్కడ ఎవరైనా ఉంటే, మీ ఇంట్లో ఈ తీగని, ఆకుని, పిక్కని ఏమంటారో మూడూ విడివిడిగా రాయండి.