పెద్ద ఐలెట్ రింగు గుడ్డలోంచి ఊడివస్తోంది, తప్పు ఎక్కడ?

దారపుండ

కుట్టుపని నాకు కొత్త కాదు. దిండు గలీబులు, సంచులు, కుర్చీ కవర్లు కుట్టి చేయి తిరిగినదాన్నే. అయినా ఈ ఇత్తడి రింగుల దగ్గర నా పరువు పోయింది.

కర్టెన్ కోసం లోపలి వ్యాసం 40 మిల్లీమీటర్లున్న ఐలెట్లు తెచ్చాను. మెడ (గొట్టంలా పైకి లేచిన భాగం) ఉన్న బిళ్ళ ఒకటి, చుట్టూ ముళ్ళున్న వాషరు ఒకటి, కింద పెట్టే దిమ్మ, పైనుంచి కొట్టే డై. వాషరు లోపలి వలయాన్ని గుడ్డ మీద పెన్సిలుతో గీసి, ఇరుకైతే మెడ దూరదేమోనని గీతకు కాస్త బయటగా కత్తిరించాను. ఇట్టే దూరింది. అప్పుడు సంతోషించాను కూడా! భోజనాల బల్ల మూల మీద పెట్టి సుత్తితో రెండు గట్టి దెబ్బలు వేశాను. మొదటి రింగు చూడటానికి బాగానే ఉంది, కానీ వేలు పెట్టి తిప్పితే గిర్రున తిరుగుతోంది. గుడ్డ లాగితే ఒక పక్క నుంచి జారి బయటికి వచ్చేసింది. రెండోది మరీ అన్యాయం. మెడ ఒకవైపుకు ఒరిగి పూరేకుల్లా చీలిపోయింది, ఆ కొసలు చేతికి గీరుకుంటున్నాయి.

గుడ్డ పలుచని నూలు, పైన ఒకటే మడత. వెడల్పు 140 సెంటీమీటర్లు. మొత్తం 9 రింగులు వేద్దామని లెక్క. సుత్తి బరువు చాలలేదా? పాడైన రెండు చోట్లా ఏం చేయాలి? కొత్త గుడ్డ కొనుక్కోమని మాత్రం చెప్పకండి.

పాత గుడారం

సుత్తిని తిట్టకండి, దాని తప్పేమీ లేదు. కాన్వాస్ కవర్లు కుట్టడం నా పని. ఊడివచ్చిన రింగు చూపిస్తే నేను మొదట చూసేది గుడ్డలోని రంధ్రాన్నే. మెడ సులువుగా దూరిందని మీరు సంతోషించారే, పని అక్కడే చెడింది. లోహపు రింగుకు రంధ్రం మెడ కన్నా ఒక పిసరు చిన్నగా ఉండాలి. గుడ్డను వేళ్ళతో సాగదీసి, టోపీ తొడిగినట్టు మెడకు తొడగాలి. వాషరుతో గీయకండి, దాని రంధ్రం ఎప్పుడూ మెడ కన్నా పెద్దదే. మెడ ఉన్న బిళ్ళను గుడ్డ మీద పెట్టి, లోపలి నుంచి గీసి, సరిగ్గా ఆ గీత మీదే కత్తిరించండి. నూలు పోగులు ఊడిపోతుంటే, కత్తిరించే ముందే గీతకు బయట, దాన్ని ఆనుకుని ఒక వరస జిగ్‌జాగ్ కుట్టు వేసుకోండి.

రెండోది మందం. పలుచని గుడ్డ ఒక్క మడత మీద వాషరు ముళ్ళకు పట్టేమీ దొరకదు, మెడ కూడా అవసరానికి మించి పైకి నిలబడి ఉంటుంది. అంత పొడుగు మెడను డై విప్పబోతే అది ఒరుగుతుంది, లేదా చీలుతుంది. పై అంచును 10 సెంటీమీటర్ల వెడల్పున రెండుసార్లు మడిచి మధ్యలో బక్రం (గట్టిదనం కోసం లోపల పెట్టే బిరుసు గుడ్డ) పెట్టండి. కొట్టే ముందు వాషరు తొడిగి చూడండి. వంగి మడతపడటానికి చాలినంత మెడ మాత్రమే పైకి కనబడాలి.

ఇక ఆ భోజనాల బల్ల! కొట్టిన దెబ్బలో సగం బల్లే మింగేస్తుంది. గచ్చు మీద మందమైన చెక్క దుంగ నిలబెట్టి, దాని మీద దిమ్మ పెట్టండి. మొదటి రెండు మూడు దెబ్బలు మెల్లగా, డై నిటారుగా ఉందో లేదో చూసుకుంటూ వేయాలి. మెడ చుట్టూ సమానంగా విచ్చుకున్నాకే బలం చూపించండి.

పాడైన చోట్లు పోలేదు. వెనకవైపు మడతపడిన అంచును కటింగ్ ప్లయర్‌తో మూడు నాలుగు చోట్ల తెంపి ఒలిచేయండి. కళ్ళజోడు పెట్టుకోండి, ఆ ముక్కలు ఎగురుతాయి. తర్వాత రింగు వెలుపలి అంచు కొలవండి. నా దగ్గరున్న 40 మిల్లీమీటర్ల రకానికి అది 65. మీదీ దాదాపు అంతే అయితే, పెద్దదైన రంధ్రం ఎలాగూ ఆ అంచు కిందే దాక్కుంటుంది. వెనక గట్టి గుడ్డ అతుకు వేసి, చుట్టూ కుట్టి, అతుకులో సరైన కొలతకు కొత్త రంధ్రం తీయండి.

రెండో మడత

పై సలహాకు నేను కలిపేది ఒక్కటే. 9 వద్దు, 8 వేయండి. రింగుల సంఖ్య సరిసంఖ్య అయితేనే కర్టెన్ రెండు కొసలూ గోడవైపు తిరుగుతాయి. బేసి అయితే ఒక కొస గదిలోకి తిరిగి, చెవి నిక్కబొడుచుకున్నట్టు ఉంటుంది. రెండు పక్కలా అంచు నుంచి 7 సెంటీమీటర్లు వదిలితే మీకు 126 మిగులుతుంది. 8 రింగుల మధ్య 7 ఎడాలు, అంటే మధ్య నుంచి మధ్యకు సరిగ్గా 18.

గొళ్ళెం

ఇంట్లో కిటికీకి ఇంత సుత్తి యుద్ధం దేనికో నాకు అర్థం కాదు. చేత్తో నొక్కితే టక్కున బిగిసే ప్లాస్టిక్ రింగులున్నాయి కదా? ఉతికేటప్పుడు ఊడదీయొచ్చు కూడా. ఇస్త్రీపెట్టె తగలకుండా చూసుకుంటే చాలు, వేడికి వంకరపోతాయి.

పాత గుడారం

పలుచని కర్టెన్‌కు ప్లాస్టిక్ చాలు, ఒప్పుకుంటాను. గాలికి కొట్టుకునే బరువైన గుడ్డకైతే నేను వాడను. ఆమె దగ్గర ఇత్తడివి ఉన్నాయి కాబట్టి ఇత్తడి గురించి చెప్పాను.

దారపుండ

మూడు రోజులు పట్టింది. ముందు పాత కాన్వాస్ పీలిక మీద ఒకటి వేసి చూశాను. గుడ్డ మెడకు బిగుతుగా పట్టుకోవడం చూడగానే నా తప్పు తెలిసొచ్చింది. బక్రం పెట్టాను, దుంగ పెట్టాను, భోజనాల బల్లకు క్షమాపణ చెప్పుకున్నాను. అతుకు వేసిన మొదటి చోటు బయటికి కనబడటమే లేదు. రెండో చోట జిగ్‌జాగ్ కుట్టు కాస్త తొంగిచూస్తోంది, అయితే అది వెనకవైపే. 18 సెంటీమీటర్ల లెక్కను ఆ రెండు చోట్లూ 1, 2 స్థానాలకు వచ్చేలా సర్దుకున్నాను.

ఆరో రింగు మళ్ళీ ఒక పిసరు ఒరిగింది, తొందరపడ్డాను. చీలలేదు కాబట్టి అలాగే వదిలేశాను. ఎనిమిదింటినీ వేలు పెట్టి తిప్పి చూశాను. ఒక్కటీ కదల్లేదు.